పక్షి ఎగరకపోతేనే ట్రిప్ హిట్.. కోరంగి బోట్ ఎక్కే ముందు ఇవి తెలుసుకోండి!

బెల్లంపల్లి: ఇసుక తిన్నె మీద వేల పక్షులు కూర్చుని ఉంటాయి. పడవ సర్రున దూసుకెళ్తుంది. ఒక్కసారిగా పక్షులన్నీ పైకి లేస్తాయి. ఆకాశం నిండిపోతుంది. బ్యాక్‌గ్రౌండ్‌లో మ్యూజిక్. మొత్తం పదిహేను సెకన్ల వీడియో. మీ ఫోన్‌కూ ఇలాంటిది వచ్చే ఉంటుంది. లైక్ కొట్టి పైకి జరిపేసి ఉంటారు కూడా.

ఆ పదిహేను సెకన్ల తర్వాత ఏమైందో వీడియోలో ఉండదు. ఆ పక్షులు ఎక్కడికెళ్లాయి, మళ్లీ దిగడానికి చోటు దొరికిందా, ఆ పూట తిండి తిన్నాయా.. ఇవేవీ కెమెరాకు కనిపించవు. సముద్ర పక్షులను చూడ్డానికి బోట్ ఎక్కాలనుకునేవాళ్లు ముందుగా తెలుసుకోవాల్సింది ఇదే. పక్షులన్నీ లేచిపోయాయంటే మంచి షాట్ దొరికిందని కాదు, బోట్ మరీ దగ్గరికి పోయిందని అర్థం.

చలికాలం సెలవుల్లో బొగ్గుబావుల ప్రాంతం నుంచి అన్నవరం, కాకినాడ, కోనసీమ వైపు కుటుంబాలతో వెళ్లేవాళ్లు చాలామందే ఉంటారు. ఆ టూర్‌లో ఒక్క పూట పక్షుల కోసం పక్కన పెట్టుకోవచ్చు. మరి ఎప్పుడు వెళ్లాలి? ఏం కనిపిస్తాయి? ఎలాంటి బోట్ ఎక్కాలి? వివరాలు చూద్దాం.

అసలు సముద్ర పక్షి అంటే ఏది?

తీరంలో కనిపించేదల్లా సముద్ర పక్షి కాదు. అర్థం చేసుకోవడానికి మూడు గుంపులుగా విడదీద్దాం.

మొదటి గుంపు లోతు సముద్రానివి. షియర్‌వాటర్లు, పెట్రెల్స్, స్కువాలు, బూబీలు ఈ కోవలోకి వస్తాయి. గుడ్లు పెట్టడానికి తప్ప ఇవి నేల మీదికి రావు. ఉప్పునీళ్లే తాగుతాయి. ఒంట్లో ఎక్కువైన ఉప్పును బయటికి పంపడానికి వాటి కళ్ల దగ్గర ప్రత్యేక గ్రంథులుంటాయి. ఆ ఉప్పు నీళ్లు ముక్కు మీదుగా కారిపోతాయి. వీటిని చూడాలంటే ఒడ్డు కనిపించనంత దూరం వెళ్లాలి. కేరళ, కర్ణాటక తీరాల్లో పక్షి ప్రేమికులు బోట్లు మాట్లాడుకుని ఇలాంటి సర్వేలు చేస్తుంటారు. తెల్లవారకముందే బయల్దేరి సాయంత్రానికి తిరిగి రావడం, మధ్యలో వాంతులు, ఎండ.. ఇది ఫ్యామిలీ ట్రిప్ కాదు.

రెండో గుంపు తీరాన్ని అంటిపెట్టుకుని తిరిగేవి. గల్స్, టెర్న్స్, స్కిమ్మర్లు ఇందులోవి. నదులు సముద్రంలో కలిసే చోట, ఇసుక తిన్నెల మీద ఇవి గుంపులుగా ఉంటాయి.

మూడో గుంపు బురదలో తిరిగే పక్షులు. మన ఉల్లంకి పిట్టల చుట్టాలన్నమాట. నీళ్లు వెనక్కి పోగానే బయటపడే బురదలో ముక్కు గుచ్చి పురుగులు, చిన్న చిన్న నత్తలు ఏరుకుంటాయి. ఇందులో చాలా జాతులు చలికాలంలో సైబీరియా, మధ్య ఆసియా వైపు నుంచి వచ్చేవే.

సాధారణ టూరిస్ట్ బోట్‌లో వెళ్లి చూడగలిగేది ఈ రెండో, మూడో గుంపులనే. అవి కూడా తక్కువేం కాదు.

మన తీరంలో ఎక్కడ?

తెలుగు నేల మీద దీనికి సరైన చోటు కాకినాడ పక్కనున్న కోరంగి. గోదావరి గౌతమి పాయ సముద్రంలో కలిసే దగ్గర మడ అడవులు పరుచుకుని ఉంటాయి. 1978లో దీన్ని అభయారణ్యంగా ప్రకటించారు. విస్తీర్ణం 235 చదరపు కిలోమీటర్ల పైమాటే. కాకినాడ నుంచి యానాం వెళ్లే రోడ్డు మీదే అటవీశాఖ ఎకో టూరిజం కేంద్రం ఉంది. మడ చెట్ల మధ్య నుంచి చెక్క వంతెన మీద నడుచుకుంటూ వెళ్లొచ్చు. అక్కడి నుంచే బోట్లు కూడా ఉంటాయి.

మడ అడవి దాటితే కాకినాడ అఖాతం. దానికి అడ్డంగా హోప్ ఐలాండ్. గోదావరి తెచ్చిపోసిన ఇసుకతో ఏర్పడిన పొడవాటి దిబ్బ ఇది. సముద్రపు అలల ఊపు నేరుగా కాకినాడను తాకకుండా కాపు కాసేది ఈ దిబ్బే. ఆలివ్ రిడ్లే తాబేళ్లు గుడ్లు పెట్టడానికి వచ్చేదీ ఇక్కడికే. ఈ అఖాతం అంచుల్లోని బురద మైదానాలు, ఇసుక తిన్నెలే పక్షుల అడ్డా.

ఒక్క విషయం గుర్తుంచుకోవాలి. మడ అడవి పాయల్లో తిరిగొచ్చే బోట్ రైడ్ వేరు, అఖాతం వైపు వెళ్లే ట్రిప్ వేరు. పాయల్లో కొంగలు, లకుముకి పిట్టలు, గరుడ పక్షులు, బురద మీద గెంతే చేపలు కనిపిస్తాయి. గల్స్, టెర్న్స్ గుంపులు చూడాలంటే అఖాతం వైపు వెళ్లాల్సిందే. దానికి అటవీశాఖ అనుమతి ఉండాలి. వాతావరణం, నీటి మట్టం బట్టి కొన్ని రోజుల్లో బోట్లు ఆపేస్తారు కూడా. కాబట్టి ఆ రోజు బోట్ ఎంత దూరం వెళ్తుందో అడిగి తెలుసుకున్నాకే టికెట్ తీసుకోండి.

కోరంగి ఒక్కటే కాదు. తిరుపతి జిల్లా సూళ్లూరుపేట పక్కన పులికాట్ సరస్సు ఉంది. రాజహంసలకు ఫేమస్. తడ, భీములవారిపాలెం వైపు బోటింగ్ ఉంది. కొల్లేరులో ఆటపాక దగ్గర గూడబాతులు ఇనుప స్టాండ్ల మీద గూళ్లు కట్టుకోవడం బోట్‌లోంచి చూడొచ్చు. అయితే కొల్లేరు మంచినీటి సరస్సు కాబట్టి అక్కడివి సముద్ర పక్షులు కావు.

ఆటుపోట్లే షిఫ్ట్ సైరన్

బొగ్గుబావి ఊళ్లలో పుట్టినవాళ్లకు షిఫ్ట్ అంటే ఏంటో చెప్పాల్సిన పని లేదు. సైరన్ కొడితే ఊరు మొత్తం కదులుతుంది. టీ కొట్టు, టిఫిన్ సెంటర్, ఆటో స్టాండ్.. అన్నీ దాని టైమ్ ప్రకారమే. తీరంలో పక్షులకు అలాంటి సైరన్ ఆటుపోట్లు. పగలా, రాత్రా అన్నది వాటికి అంత ముఖ్యం కాదు. నీళ్లు తగ్గితే డ్యూటీ ఎక్కుతాయి, నీళ్లు పెరిగితే డ్యూటీ దిగుతాయి.

సముద్రం నీళ్లు పెరగడం పోటు, తగ్గడం ఆటు. తూర్పు తీరంలో రోజుకు రెండు పోట్లు, రెండు ఆట్లు వస్తాయి. ఒక పోటుకూ తర్వాతి పోటుకూ మధ్య దాదాపు 12 గంటల 25 నిమిషాలు పడుతుంది. అంటే రోజు రోజుకూ టైమ్ సుమారు 50 నిమిషాలు వెనక్కి జరుగుతుంది. ఇవాళ ఉదయం 7 గంటలకు నీళ్లు నిండుగా ఉన్నాయనుకోండి. రేపు 7.50కి ఉంటాయి. వారం తర్వాతైతే మధ్యాహ్నం ఒంటిగంట ప్రాంతంలో. అందుకే 'పోయిన వారం మావాళ్లు పొద్దున్నే వెళ్తే బోలెడు పక్షులు కనిపించాయి' అన్న మాట నమ్ముకుని ఈ వారం అదే టైమ్‌కి వెళ్తే ఖాళీ బురద కనిపించొచ్చు.

ఇంట్లో గోడ మీది క్యాలెండర్ కూడా పనికొస్తుంది. అమావాస్య, పౌర్ణమి దగ్గర్లో పోటు పెద్దగా ఉంటుంది. నీళ్లు బాగా పైకొస్తాయి, బాగా వెనక్కి పోతాయి. అష్టమి చుట్టుపక్కల ఆ తేడా తక్కువ.

మరి బోట్‌కు ఏది మంచి టైమ్? నీళ్లు పూర్తిగా తగ్గినప్పుడు పక్షులు కిలోమీటర్ల బురదలో ఎక్కడెక్కడికో చెదిరిపోతాయి. పాయల్లో బోట్ కదలడమూ కష్టం. నీళ్లు పూర్తిగా నిండినప్పుడు అవి మిగిలిన చిన్న ఇసుక తిన్నెల మీద కిక్కిరిసి రెస్ట్ తీసుకుంటుంటాయి. అప్పుడు దగ్గరికి పోవడమంటే నైట్ షిఫ్ట్ చేసి పడుకున్నవాడి తలుపు దబదబా బాదడమే. ఈ రెండిటికీ మధ్య, పోటు ఎక్కుతున్నప్పుడు వెళ్లాలి. నీళ్లు మెల్లగా పైకి తోస్తుంటే పక్షులు తింటూ తింటూ అంచుకు వస్తాయి. బోట్‌ను ఒక చోట ఆపి కూర్చుంటే చాలు, అవే దగ్గరికి జరుగుతాయి. ఇంకో లాభం కూడా ఉంది. నీళ్లు పెరుగుతున్నప్పుడు బోట్ బురదలో ఇరుక్కునే భయం తక్కువ.

ఆటుపోట్ల టైమ్‌లు, అలల ఎత్తు గురించి సమాచారం ఇచ్చే సంస్థ ఇన్‌కాయిస్. అది ఉన్నది ఎక్కడో కాదు, మన హైదరాబాద్‌లోనే. వాళ్ల వెబ్‌సైట్‌లో అంతా ఉచితంగానే చూసుకోవచ్చు.

ఏ నెలలో వెళ్లాలి?

వలస పక్షులు అక్టోబర్ నుంచి రావడం మొదలుపెడతాయి. కానీ అక్టోబర్, నవంబర్ నెలలు బంగాళాఖాతంలో తుపాన్ల సీజన్. డిసెంబర్ మొదట్లోనూ ఆ ముప్పు పూర్తిగా పోదు. అందుకే డిసెంబర్ చివరి వారం నుంచి ఫిబ్రవరి చివరి దాకా వెళ్తే మంచిది. గాలి నెమ్మదిగా ఉంటుంది, ఎండ తట్టుకోవచ్చు, పక్షులు నిండుగా ఉంటాయి. 1987 నుంచి ఏటా జరుగుతున్న ఆసియా నీటిపక్షుల గణనకు కూడా జనవరినే ఎంచుకున్నారు.

మార్చిలోనూ చాలా పక్షులు ఉంటాయి. కానీ అవి తిరుగు ప్రయాణానికి సిద్ధమయ్యే రోజులవి. అప్పుడు వాటిని కదిలిస్తే జరిగే నష్టం మిగతా నెలలకంటే ఎక్కువ. ఎందుకో కింద చూద్దాం.

బోట్‌లోంచి ఏమేం కనిపిస్తాయి?

మొదటిసారి వెళ్లినవాళ్లకు అన్నీ తెల్ల పక్షుల్లాగే కనిపిస్తాయి. నాలుగు గుర్తులు పట్టుకుంటే సగం పని అయిపోయినట్టే.

గల్: ఒళ్లు బొద్దుగా, రెక్కలు వెడల్పుగా ఉంటాయి. నీళ్ల మీద బాతులా తేలుతూ కూర్చుంటుంది. మన తీరంలో ఎక్కువగా కనిపించేది బ్రౌన్ హెడెడ్ గల్. పేరులో గోధుమ రంగు తల అని ఉన్నా, చలికాలంలో దాని తల తెల్లగానే ఉంటుంది. చెవి దగ్గర మాత్రం ముదురు మచ్చ ఉంటుంది. లద్దాఖ్, టిబెట్ లాంటి ఎత్తైన ప్రాంతాల సరస్సుల దగ్గర పిల్లల్ని పెంచి, చలికి ఇటు దిగొస్తుంది.

టెర్న్: గల్ కంటే సన్నగా ఉంటుంది. రెక్కలు కోసుగా, తోక చీలి ఉంటుంది. గాల్లో ఒక్క క్షణం ఆగి, తలకిందులుగా నీళ్లలోకి దూకి చేపను పట్టుకొస్తుంది. రకం కనిపెట్టాలంటే ముక్కు రంగు చూడండి. పెద్ద క్యారెట్ లాంటి ఎర్ర ముక్కు ఉంటే కాస్పియన్ టెర్న్. పసుపు ముక్కు, తల వెనక చెదిరిన జుట్టు ఉంటే గ్రేటర్ క్రెస్టెడ్ టెర్న్. అదే ముక్కు నారింజ రంగులో ఉంటే లెస్సర్ క్రెస్టెడ్. లావుపాటి నల్ల ముక్కయితే గల్ బిల్డ్ టెర్న్.

గద్దలు: తల, రొమ్ము తెల్లగా, మిగతా ఒళ్లంతా ఇటుక రంగులో ఉంటే గరుడ పక్షి. దానికంటే చాలా పెద్దగా, కింది నుంచి చూస్తే తెలుపు, బూడిద రంగుల్లో, తోక చిన్నగా ఉంటే అది తెల్ల కడుపు సముద్రపు గద్ద. అది గాల్లోకి రాగానే చిన్న పక్షుల్లో కంగారు మొదలవుతుంది.

బురద పక్షులు: కర్ల్యూకి ముక్కు కొడవలిలా కిందికి వంగి ఉంటుంది. గాడ్‌విట్‌కి పొడవుగా, చివర కొంచెం పైకి ఎత్తినట్టుంటుంది. ప్లోవర్‌కి ముక్కు పొట్టి, కళ్లు పెద్దవి. ముక్కు ఎంత పొడవుంటే బురదలో అంత లోతు తిండి అందుతుంది. అందుకే ఒకే చోట ఇన్ని జాతులు గొడవ పడకుండా బతుకుతాయి.

స్కిమ్మర్ కనిపిస్తే అదృష్టమే

ఇక్కడికి పక్షి ప్రేమికులు దేశం నలుమూలల నుంచీ వచ్చేది ఒక పక్షి కోసం. ఇండియన్ స్కిమ్మర్. పైన నలుపు, కింద తెలుపు. ఎర్రటి కాళ్లు. నారింజ రంగు పెద్ద ముక్కు. ఆ ముక్కులోనే ఉంది తమాషా అంతా. కింది దవడ పై దవడ కంటే పొడవుంటుంది.

అది వేటాడే పద్ధతి స్కిమ్మర్లలో తప్ప ఇంకే పక్షిలోనూ ఇలా కనిపించదు. నీటి మీద అంగుళాల ఎత్తులో ఎగురుతూ కింది దవడను నీళ్లలో ముంచి ఉంచుతుంది. కత్తెరతో బట్ట చీరినట్టు నీటిని చీరుకుంటూ పోతుంది. దవడకు చేప తగిలిందో, పై దవడ టక్కున మూసుకుంటుంది. ఈ పని ఎక్కువగా తెల్లవారుజామున, పొద్దుగూకాక, రాత్రిపూట చేస్తుంది. పగలు ఇసుక తిన్నె మీద గాలికి ఎదురుగా ముఖం పెట్టి గుంపుగా కూర్చుంటుంది. అంటే మనం బోట్‌లో వెళ్లే సమయానికి అది రెస్ట్‌లో ఉంటుంది.

ఈ పక్షులు చంబల్, మహానది లాంటి నదుల ఇసుక దిబ్బల మీద గుడ్లు పెడతాయి. ఇసుక తవ్వకాలు, డ్యామ్‌ల నీళ్లు, కుక్కలు, పశువుల వల్ల ఆ దిబ్బలు తగ్గిపోతున్నాయి. 2020లో ఐయూసీఎన్ దీన్ని 'అంతరించే ప్రమాదంలో ఉన్న' జాతుల జాబితాలోకి మార్చింది. ప్రపంచం మొత్తం మీద ఎదిగిన పక్షులు మూడు వేల లోపే ఉంటాయని అంచనా. చలికాలం గడపడానికి అవి నమ్ముకున్న ముఖ్యమైన చోట్లలో గోదావరి ముఖద్వారం ఒకటి. అలాంటి గుంపు మీదికి ఒక్క బోట్ దూసుకెళ్లినా, ప్రపంచంలో మిగిలినవాటిలో చెప్పుకోదగ్గ భాగాన్ని కదిలించినట్టే.

ఒక్కసారి ఎగిరితే పోయేదేముంది?

'పక్షే కదా, ఎగరడం దాని పని. ఎగిరితే పోయేదేముంది?' అని అడగొచ్చు. లెక్క చూద్దాం.

2022 అక్టోబర్‌లో శాటిలైట్ ట్యాగ్ కట్టిన ఒక బార్ టెయిల్డ్ గాడ్‌విట్ అలాస్కాలో బయల్దేరి ఆస్ట్రేలియాలోని టాస్మానియాలో దిగింది. మొత్తం 13,560 కిలోమీటర్లు, 11 రోజులు, మధ్యలో ఎక్కడా ఆగలేదు. తిండి లేదు, నీళ్లు లేవు. అప్పటికి దాని వయసు అయిదు నెలలు. ఈ జాతి పక్షులు చలికాలంలో మన తీరానికీ వస్తాయి.

ఇంత దూరం ఎగరడానికి ఇంధనం ఒక్కటే, ఒంట్లో కొవ్వు. ప్రయాణానికి ముందు వారాల్లో ఇలాంటి పక్షులు తిని తిని దాదాపు రెట్టింపు బరువు పెరుగుతాయి. ఆ తిండి దొరికేది నీళ్లు తగ్గిన కొన్ని గంటలే. అందులో ఒక బోట్ వచ్చి లేపితే రెండు నష్టాలు. ఎగిరినందుకు దాచుకున్న కొవ్వు ఖర్చవుతుంది. మళ్లీ నెమ్మదించి దిగేదాకా తిండి టైమ్ పోతుంది. ఒక బోట్ అయితే సర్దుకుంటుందేమో. ఆదివారం వరసగా పది బోట్లు వస్తే? డ్యూటీకి వెళ్తున్నా మస్టర్ పడకపోతే నెలాఖరుకు జీతం ఎంతొస్తుందో ఆలోచించండి. అదే లెక్క.

మార్చి, ఏప్రిల్‌లో ఈ నష్టం పూడ్చుకునే టైమ్ కూడా ఉండదు. బరువు చాలని పక్షి దారి మధ్యలో ఎక్కడో రాలిపోతుంది. అది మన కెమెరాకు ఎప్పటికీ కనిపించదు.

మంచి గైడ్‌ని ఎలా గుర్తుపట్టాలి?

దీనికి ఆంధ్రప్రదేశ్ పక్క రాష్ట్రంలోనే ఒక ఉదాహరణ ఉంది. ఒడిశా చిలికా సరస్సు ఒడ్డున మంగళాజోడి అనే ఊరు. ఒకప్పుడు పక్షుల్ని వేటాడి అమ్మడం అక్కడ చాలామందికి బతుకుదెరువు. 2000 సంవత్సరం ప్రాంతంలో వాళ్లలో మార్పు మొదలైంది. వేటగాళ్లే కాపలాదారులయ్యారు, ఆ తర్వాత గైడ్లయ్యారు. పక్షి ఎక్కడ కూర్చుంటుంది, ఎంత దూరంలో ఉలిక్కిపడుతుంది అన్నది వాళ్లకంటే బాగా ఎవరికి తెలుస్తుంది? అక్కడ ఇంజిన్ లేని చెక్క పడవలను గెడకర్రతో తోస్తారు. పక్షులు పడవ పక్కనే తింటూ ఉంటాయి. ఎవరూ తరమకపోతే పక్షి ఎంత దగ్గరికి రానిస్తుందో మంగళాజోడి చూపిస్తుంది.

కోరంగి చుట్టుపక్కల కూడా బోట్ నడిపేవాళ్లలో చాలామంది మత్స్యకార కుటుంబాలవాళ్లే. చిన్నప్పటి నుంచి ఆ నీళ్లలో తిరిగినవాళ్లు. వాళ్ల అనుభవాన్ని వాడుకోవాలంటే ముందు మనం అడగాల్సిన పద్ధతిలో అడగాలి. 'అన్నా, దగ్గరికి పోనీ' అనకండి. 'అన్నా, అవి లేవకుండా ఎంత దూరంలో ఆపొచ్చు?' అని అడగండి. తేడా మీకే తెలుస్తుంది.

మంచి గైడ్ చేసే పనులు ఇవి.

- గుంపు కనిపించగానే చాలా ముందే ఇంజిన్ స్పీడ్ తగ్గిస్తాడు, తర్వాత ఆపేస్తాడు.
- నేరుగా పక్షుల మీదికి పోనివ్వడు. పక్కగా, మెల్లగా తీసుకెళ్తాడు.
- పక్షులు తినడం ఆపి తలలెత్తాయంటే అక్కడే ఆగుతాడు. అదే మొదటి హెచ్చరిక. అటూ ఇటూ నడవడం మొదలుపెడితే వెనక్కి తిప్పుతాడు.
- తాబేళ్ల సీజన్‌లో దిబ్బ మీద దిగనివ్వడు.
- చప్పట్లు కొట్టడం, విజిల్ వేయడం, తిండి విసరడం ఒప్పుకోడు.

తిండి విషయం ప్రత్యేకంగా చెప్పుకోవాలి. ఢిల్లీ యమునలో, వారణాసి గంగలో పడవల మీది నుంచి సేవ్, మిక్చర్ విసిరి గల్స్‌ని పిలిచే వీడియోలు చూసే ఉంటారు. నూనెలో వేయించిన ఉప్పు కారం తిండి చేపలు తినే పక్షికి మంచిది కాదు. వీడియో బాగుంటుంది, పక్షి ఆరోగ్యం పాడవుతుంది.

ముందు లైఫ్ జాకెట్, తర్వాతే బైనాక్యులర్

2019 సెప్టెంబర్ 15ను గోదావరి జిల్లాలు మర్చిపోలేవు. పాపికొండల యాత్రకు బయల్దేరిన బోటు కచ్చులూరు దగ్గర మునిగిపోయింది. పదుల సంఖ్యలో ప్రాణాలు పోయాయి. ఆ బోట్‌లో వరంగల్ దగ్గరి కడిపికొండ వాళ్లున్నారు. మన మంచిర్యాల జిల్లా వాళ్లూ ఉన్నారు. నది వరద మీదున్నప్పుడు బోటు కదలడమే అక్కడ జరిగిన మొదటి తప్పు. ఆ తర్వాత బోట్లపై నిఘా కోసం కంట్రోల్ రూమ్‌లు పెట్టాలని ప్రభుత్వం నిర్ణయించింది.

కానీ ఎన్ని రూల్స్ ఉన్నా, బోట్‌లో కాలు పెట్టే క్షణంలో చూసుకోవాల్సింది మనమే. జాకెట్ ఇస్తే సీటు కింద పెట్టుకోవడం కాదు, బకిల్స్ బిగించి ఒంటి మీద ఉంచుకోవాలి. పిల్లలకు పిల్లల సైజ్ జాకెట్ ఉందా అని ఒడ్డు మీదే అడగాలి. లేదంటే ఆ బోట్ వద్దు. బోట్ మీద రాసిన సీట్ల సంఖ్యకు మించి ఎక్కిస్తుంటే దిగిపోవాలి. పక్షి కనిపించగానే అందరూ ఒకే వైపుకు లేచి వెళ్లడం మరీ ప్రమాదం. చిన్న బోట్ అక్కడే ఒరిగిపోతుంది. వాతావరణ శాఖ హెచ్చరిక ఉన్న రోజు ట్రిప్ మానేయండి. డబ్బులు పోయినా సరే.

పడవ కుదుపుకు కడుపులో తిప్పేవాళ్లు బోట్ మధ్యలో కూర్చుని, దూరంగా ఆకాశం, నీళ్లు కలిసే గీతను చూస్తుండాలి. ఫోన్ స్క్రీన్ చూస్తూ కూర్చుంటే తిప్పడం ఇంకా ఎక్కువవుతుంది.

ఫోన్‌తో వీడియో తీయొచ్చా?

తప్పకుండా తీయొచ్చు. ఫోన్ జూమ్ ఎంత లాగినా పక్షి చుక్కలాగే వస్తుంది కాబట్టి చాలామంది బోట్‌ను దగ్గరికి పోనివ్వమంటారు. దానికి బదులు బైనాక్యులర్ కంటి అద్దానికి ఫోన్ కెమెరాను ఆనించి తీసి చూడండి. రెండు మూడు సార్లు ప్రయత్నిస్తే కుదురుతుంది. బైనాక్యులర్ కొనేటట్టయితే, అరువు తెచ్చుకునేటట్టయితే 8x42 అని రాసి ఉన్నది చూడండి. 8 అంటే ఎనిమిది రెట్లు దగ్గరగా చూపిస్తుంది. 42 అంటే ముందు అద్దం వెడల్పు మిల్లీమీటర్లలో. అంతకంటే ఎక్కువ జూమ్ ఉన్నది కదిలే బోట్‌లో వణికిపోతుంది.

డ్రోన్ మాత్రం వద్దు. అభయారణ్యంలో అనుమతి లేకుండా ఎగరేస్తే చిక్కుల్లో పడతారు. పైగా పక్షులకు పైనుంచి వచ్చేది ఏదైనా గద్ద కిందే లెక్క.

పక్షి పేరు తెలియకపోతే మెర్లిన్ అనే ఉచిత యాప్ ఉంది. ఇండియా పక్షుల ప్యాక్ ఇంట్లో వైఫై ఉన్నప్పుడే డౌన్‌లోడ్ చేసుకుంటే, నీళ్ల మీద సిగ్నల్ లేకపోయినా పనిచేస్తుంది. చూసిన పక్షుల లిస్ట్ ఈబర్డ్‌లో నమోదు చేస్తే ఆ సమాచారం పరిశోధకులకూ ఉపయోగపడుతుంది.

బెల్లంపల్లి నుంచి ఎలా వెళ్లాలి?

మన స్టేషన్ కాజీపేట – బల్లార్షా లైన్ మీద ఉంది. కాజీపేట, వరంగల్, ఖమ్మం మీదుగా విజయవాడ చేరాలి. అక్కడి నుంచి విశాఖ వైపు వెళ్లే రైల్లో సామర్లకోట దిగితే కాకినాడ పదిహేను కిలోమీటర్ల లోపే. కాకినాడ నుంచి కోరంగికి బస్సులు, ఆటోలు ఉంటాయి. మొత్తం దూరం సుమారు 550 కిలోమీటర్లు. రాత్రి ఎక్కితే మర్నాటికి చేరతారు.

ఎన్ని మస్టర్లు పోతాయి అంటారా? పోనూ రానూ ప్రయాణం, మధ్యలో ఒక పూర్తి రోజు కలిపి మూడు రోజులు పెట్టుకోండి. మొదటి రోజు ఆటుపోట్ల టైమ్ కలవకపోతే చెక్క వంతెన మీద నడిచి, మర్నాడు బోట్ ఎక్కొచ్చు. టైమ్ కలవకపోయినా బలవంతంగా వెళ్తే డబ్బులు దండగ.

అంత దూరం పోలేనివాళ్లకు?

ప్రాక్టీస్ మన దగ్గరే మొదలుపెట్టొచ్చు. టెర్న్ జాతిలో ఒకటి ఎక్కువగా నదుల దగ్గరే బతుకుతుంది. పేరే రివర్ టెర్న్. పసుపు ముక్కు, నల్ల టోపీ లాంటి తల. గోదావరి బండరాళ్ల మీద కూర్చుని, నీళ్లలోకి సూటిగా దూకుతూ కనిపిస్తుంది. మంచిర్యాల వైపు గోదావరి ఒడ్డున, ఎల్లంపల్లి నీళ్ల దగ్గర ఓపిగ్గా ఒక ఉదయం కూర్చోండి. బోట్ కూడా అక్కర్లేదు.

ఇంకాస్త పైకి వెళ్తే ఆసిఫాబాద్ జిల్లా పెంచికల్‌పేట మండలంలో పాలరాపు గుట్ట ఉంది. కొండ అంచున పొడుగు ముక్కు రాబందులు గూళ్లు పెట్టిన చోటు. కాగజ్‌నగర్ వైపు అటవీశాఖ బర్డ్ వాక్‌లు కూడా నిర్వహించింది. వాటి ప్రకటనలు గమనిస్తూ ఉండండి.

కోరంగి మనకు అంత దూరం కూడా కాదు. బెల్లంపల్లి చుట్టుపక్కల వాగులన్నీ ప్రాణహితలోకో గోదావరిలోకో చేరేవే. కాళేశ్వరం దగ్గర ఆ రెండూ కలిసి, భద్రాచలం, పాపికొండలు, ధవళేశ్వరం దాటి, ఆ నీళ్లే కోరంగి మడ చెట్ల వేళ్లను తడుపుతాయి. స్కిమ్మర్ కూర్చున్న ఇసుకలో మన వైపు నుంచి కొట్టుకుపోయిన రేణువులూ ఉంటాయి. ఎగువన డ్యామ్‌లు, బ్యారేజీలు పెరిగాక డెల్టాకు చేరే ఒండ్రు తగ్గింది. ప్లాస్టిక్ మాత్రం తగ్గలేదు. ఇక్కడి వాగులో పడేసిన కవర్ వానాకాలం వరదకు ఎక్కడ తేలుతుందో ఇక చెప్పక్కర్లేదు.

కాబట్టి ఈ చలికాలం కోరంగి వెళ్తే ఒక్క పరీక్ష పెట్టుకోండి. బోట్ వెనక్కి తిరిగేటప్పుడు ఆ ఇసుక తిన్నె వైపు చూడండి. మీరు వచ్చినప్పుడు కూర్చున్న పక్షులు, వెళ్లేటప్పుడూ అలాగే కూర్చుని ఉంటే మీ ట్రిప్ సక్సెస్. ఆ వీడియోకు లైకులు కొంచెం తక్కువ రావొచ్చు. వచ్చే ఏడాది కూడా తీయడానికి అక్కడ పక్షులుంటాయి.